ఆపరేషన్ నుంచి పెద్ద లీగ్ దాకా 16 నెలలు: పిచర్ కుమార్ రాకర్ ఎలా కోలుకున్నాడు?

2024 సెప్టెంబర్ 12. అమెరికాలోని సియాటెల్ నగరంలో టెక్సస్ రేంజర్స్ జట్టు తరఫున ఒక కొత్త పిచర్ మేజర్ లీగ్‌లో తొలి మ్యాచ్ ఆడాడు. పేరు కుమార్ రాకర్, వయసు 24. నాలుగు ఇన్నింగ్స్ వేశాడు, ఒకే ఒక్క పరుగు ఇచ్చాడు. బేస్‌బాల్‌లో పిచర్ నాలుగు ఇన్నింగ్స్ వేశాడంటే పన్నెండు మంది ఔటైనట్టు లెక్క. ఆ పన్నెండులో ఏడు స్ట్రైకౌట్లే. అంటే బంతికి బ్యాట్ సరిగా తగిలించలేకనే ఏడుగురు వెనక్కి వెళ్ళారు.

దీనికి 16 నెలల ముందు ఇతని కుడి మోచేతికి పెద్ద ఆపరేషన్ జరిగింది. దానికీ ముందు, 2021లో, ఇదే చేతి గురించి అనుమానం వచ్చి ఒక పెద్ద క్లబ్ 60 లక్షల డాలర్ల ఒప్పందం వదిలేసుకుంది.

బేస్‌బాల్‌తో మనకేం పని అనిపించవచ్చు. చిత్తూరులో, పలమనేరులో, తిరుపతిలో ఏ గ్రౌండ్‌కి వెళ్ళినా పదమూడు, పద్నాలుగేళ్ళ పిల్లలు షమీలా, సిరాజ్‌లా పరిగెత్తుకొచ్చి బంతి వేస్తుంటారు. వాళ్ళలో ఎవరికో ఒకరికి భుజమో నడుమో నొప్పి ఉంటుంది. ఇంట్లో చెబితే ఆట మాన్పిస్తారని చెప్పరు. చెప్పినా మనం బామ్ రాసి పంపించేస్తాం. ఆ నొప్పిని ఎప్పుడు పట్టించుకోవాలి, దెబ్బ తగిలితే కోలుకోవడానికి నిజంగా ఎంత కాలం పడుతుంది అన్నది రాకర్ కథలో బాగా తెలుస్తుంది.

ఎవరీ కుమార్ రాకర్?

1999 నవంబర్ 22న అలబామా రాష్ట్రంలోని మాంట్‌గొమరీలో పుట్టాడు. తండ్రి ట్రేసీ రాకర్ ఒకప్పటి పేరున్న అమెరికన్ ఫుట్‌బాల్ ఆటగాడు, తర్వాత కోచ్. తల్లి లలిత కుటుంబం భారతదేశం నుంచి అమెరికా వెళ్ళి స్థిరపడింది. లలిత, కుమార్ అన్న పేర్లు మన వీధుల్లో ఎక్కడ పిలిచినా ఎవరో ఒకరు పలుకుతారు కదా!

స్కూలు అయిపోగానే 2018లో కొలరాడో రాకీస్ క్లబ్ అతన్ని ఎంచుకుంది, కానీ 38వ రౌండ్‌లో. అతను చేరలేదు. వాండర్‌బిల్ట్ యూనివర్సిటీకి వెళ్ళాడు. మరుసటి ఏడాదే, 2019 జూన్ 8న, డ్యూక్ యూనివర్సిటీ మీద ఒక్క హిట్ కూడా ఇవ్వకుండా మ్యాచ్ మొత్తం తనే వేసి 19 స్ట్రైకౌట్లు చేశాడు. ఆ ఏడాది వాండర్‌బిల్ట్ కాలేజీ వరల్డ్ సిరీస్ గెలిచింది. ఉత్తమ ఆటగాడి అవార్డు రాకర్‌కే దక్కింది. 2021 సీజన్‌లో 122 ఇన్నింగ్స్ వేసి 179 స్ట్రైకౌట్లు చేశాడు. ఇరవై ఒక్కేళ్ళ కుర్రాడి మీద అన్ని ఇన్నింగ్స్ భారం పడిందన్న సంగతి కూడా గుర్తుపెట్టుకుందాం.

ఒప్పందం తప్పిపోయింది

2021 జులైలో న్యూయార్క్ మెట్స్ అతన్ని పదో ఆటగాడిగా ఎంచుకుంది. 60 లక్షల డాలర్లకి మాట కుదిరిందని వార్తలొచ్చాయి. సంతకానికి ముందు వైద్య పరీక్షలు చేస్తారు. ఆ రిపోర్టులు చూశాక మెట్స్ వెనక్కి తగ్గింది. గడువు దాటిపోయింది. దేశమంతా పేరు తెలిసిన పిల్లవాడు జట్టు లేకుండా మిగిలిపోయాడు.

ఆ సెప్టెంబర్‌లో భుజానికి చిన్న ఆపరేషన్ చేయించుకున్నాడు. అప్పట్లో ఆ సంగతి బయటికి చెప్పలేదు. 2022లో ఏ పెద్ద క్లబ్‌కీ చెందని ఫ్రాంటియర్ లీగ్‌లో ట్రై సిటీ వ్యాలీక్యాట్స్ అనే చిన్న జట్టుకి ఆడాడు. ఐదు మ్యాచ్‌ల్లో 20 ఇన్నింగ్స్ వేసి 32 స్ట్రైకౌట్లు చేశాడు. ఆ జులైలోనే టెక్సస్ రేంజర్స్ అతన్ని మూడో ఆటగాడిగా తీసుకుని 52 లక్షల డాలర్లు ఇచ్చింది. ముందటేడు పదో స్థానం, ఇప్పుడు మూడో స్థానం. కష్టాలు తీరిపోయాయనే అందరూ అనుకున్నారు.

మైనర్ లీగ్ అంటే ఏమిటి?

మన దగ్గర జిల్లా జట్టు, ఆంధ్ర జట్టు, రంజీ, ఇండియా ఏ, ఆ తర్వాత ఇండియా అని మెట్లున్నట్టే అమెరికాలో మేజర్ లీగ్ కింద మైనర్ లీగులు ఉంటాయి. అన్నిటికంటే కింద రూకీ లీగ్, దానిపైన సింగిల్ ఏ, హై ఏ, డబుల్ ఏ, ట్రిపుల్ ఏ. ప్రతి పెద్ద క్లబ్‌కీ ప్రతి మెట్టు దగ్గరా ఒక జట్టు ఉంటుంది. పెద్ద మొత్తం తీసుకుని చేరేవాళ్ళు కొద్దిమందే. మిగతావాళ్ళ జీతాలు చాలా తక్కువ. 2023లో యూనియన్ ఒప్పందం కుదిరాకనే ట్రిపుల్ ఏ ఆటగాడి కనీస జీతం ఏడాదికి 17,500 డాలర్ల నుంచి 35,800కి పెరిగింది. అలాంటి జీతం మీద బతికే ఆటగాడికి దెబ్బ తగిలితే చేతితో పాటు ఇల్లు కూడా కష్టంలో పడుతుంది.

రాకర్ 2023లో మూడో మెట్టులో, హికరీ క్రాడాడ్స్ అనే హై ఏ జట్టులో మొదలుపెట్టాడు. ఆరు మ్యాచ్‌ల్లో 28 ఇన్నింగ్స్, 42 స్ట్రైకౌట్లు. అంటే ఔటైనవాళ్ళలో సగం మంది స్ట్రైకౌటే. అంత ఊపులో ఉండగా మే నెలలో మోచేతి లిగమెంట్ దెబ్బతిందని తేలింది. టామీ జాన్ ఆపరేషన్ తప్పలేదు.

టామీ జాన్ ఆపరేషన్‌లో ఏం చేస్తారు?

లిగమెంట్ అంటే ఎముకని ఎముకతో కట్టి ఉంచే తాడు లాంటిది. మన ఇళ్ళల్లో అన్నిటినీ కలిపి "నరం పట్టింది" అనేస్తాం కానీ ఇది నరం కాదు. మోచేతికి లోపలివైపు, అంటే ఒంటిని ఆనుకుని ఉండే వైపు, ఇలాంటి తాడు ఒకటుంది. పిచర్ చెయ్యి మడిచి, భుజం వెనక్కి తిప్పి, కొరడా విసిరినట్టు బంతి విసురుతాడు. ఆ క్షణంలో భారమంతా ఈ తాడు మీదే పడుతుంది. వేల సార్లు అలా లాగితే అది పీచుపీచుగా అరుగుతుంది. ఒకరోజు తెగిపోతుంది.

1974 వరకు ఇది తెగితే పిచర్ పని అయిపోయినట్టే. ఆ ఏడాది సెప్టెంబర్ 25న డాక్టర్ ఫ్రాంక్ జోబ్ లాస్ ఏంజిలస్ డాడ్జర్స్ పిచర్ టామీ జాన్‌కి కొత్త పద్ధతిలో ఆపరేషన్ చేశాడు. ముంజేతిలో పాల్మారిస్ లాంగస్ అనే సన్నటి టెండన్ ఉంటుంది. టెండన్ అంటే కండని ఎముకకి కట్టే తాడు. ఆయన ఎడమచేతి వాటం పిచర్. కుడి ముంజేతిలోని ఆ టెండన్ తీసి, ఎడమ మోచేతి ఎముకల్లో రంధ్రాలు చేసి, తెగిన లిగమెంట్ స్థానంలో కట్టాడు. నూటికి ఒక పాలు మాత్రమే ఆశ ఉందనుకున్నారు. టామీ జాన్ 1975 అంతా కూర్చున్నాడు, 1976లో తిరిగొచ్చాడు. 1989 దాకా ఆడి, ఆపరేషన్ తర్వాతే 164 మ్యాచ్‌లు గెలిచాడు. అప్పటి నుంచి ఆపరేషన్‌కి డాక్టర్ పేరు కాక పేషెంట్ పేరు నిలిచిపోయింది.

ఆ టెండన్ మీకుందో లేదో ఇంట్లోనే చూసుకోవచ్చు. బొటనవేలు, చిటికెనవేలు కలిపి మణికట్టు కాస్త లోపలికి వంచండి. మణికట్టు మధ్యలో తాడులా ఉబికితే ఉన్నట్టు. కొంతమందికి పుట్టుకతోనే ఉండదు. లేకపోయినా పట్టుకి తేడా ఏమీ రాదు. అందుకే దాన్ని తీసి వేరేచోట వాడుకోగలుగుతున్నారు. లేనివాళ్ళకి కాలి నుంచి తీస్తారు.

ఇంత కాలం ఎందుకు పడుతుంది?

ఆపరేషన్ కొన్ని గంటల్లో అయిపోతుంది. కోలుకోవడానికి మామూలుగా 12 నుంచి 18 నెలలు పడుతుంది. కారణం సులువుగానే అర్థమవుతుంది. టెండన్‌గా ఉన్నది లిగమెంట్‌గా మారాలి. ఎముకలో అతుక్కోవాలి, కొత్త రక్తనాళాలు రావాలి, లాగుడు తట్టుకునే గట్టిదనం రావాలి. శరీరం ఆ పని తన లెక్క ప్రకారం చేసుకుంటుంది. డబ్బు ఎక్కువ పెడితే తొందరగా అయ్యే పని కాదు.

మొదటి వారాల్లో చేతికి కట్టు, తర్వాత మెల్లగా మోచెయ్యి మడవడం, చాపడం. ఆ పైన మణికట్టు, ముంజెయ్యి, భుజం, నడుము, కాళ్ళకి వ్యాయామాలు. నాలుగైదు నెలలు గడిచాక గాని బంతి పట్టనివ్వరు. అదీ దగ్గర నుంచి మెల్లగా వేయడమే. దూరం వారం వారం పెంచుతారు. పూర్తి వేగంతో వేయడానికి ఇంచుమించు ఏడాది కావాలి. మధ్యలో నొప్పి వస్తే రెండు మెట్లు దిగి మళ్ళీ ఎక్కాలి. మన పెద్దలు సబర్ అంటారే, అది రోజూ పొద్దున లేచి చేయాల్సిన పనిగా మారుతుంది.

రాకర్ అలాగే వచ్చాడు. 2024 జులైలో మళ్ళీ రూకీ లీగ్‌లో, అన్నిటికంటే కింది మెట్టు దగ్గర, చిన్నపిల్లలతో కలిసి మొదలుపెట్టాడు. అక్కడి నుంచి డబుల్ ఏ జట్టు ఫ్రిస్కోకి, ట్రిపుల్ ఏ జట్టు రౌండ్ రాక్‌కి ఎక్కాడు. 37 ఇన్నింగ్స్ పూర్తి కాకుండానే 55 స్ట్రైకౌట్లు. సెప్టెంబర్‌లో పిలుపొచ్చింది.

ఇక్కడితో కథ సుఖాంతం అనుకుంటే పొరపాటు. 2025 ఏప్రిల్‌లో భుజం మళ్ళీ ఇబ్బంది పెట్టింది. తిరిగి వచ్చినా నిలకడగా వేయలేక ఆగస్టులో మళ్ళీ ట్రిపుల్ ఏకి వెళ్ళాల్సి వచ్చింది. ఆపరేషన్ బాగా జరగడం, చెయ్యి నయమవడం, ఆట తిరిగి రావడం మూడూ వేర్వేరు పనులు. ఒకటి అయిందని రెండోది అయినట్టు కాదు.

మన బౌలర్ల సంగతి

క్రికెట్‌లో మోచెయ్యి 15 డిగ్రీలకి మించి చాచకూడదన్న నియమం ఉంది. అందువల్ల మన బౌలర్లకి మోచేతి లిగమెంట్ తెగడం తక్కువ. ఆ భారం నడుముకి, పక్కటెముకల కండలకి, మోకాలికి, చీలమండకి పోతుంది. పరిగెత్తుకొచ్చి ముందు కాలు నేల మీద గుద్దినప్పుడు ఒంటి బరువుకి ఎన్నో రెట్ల తాకిడి పైకి వస్తుంది. ఎదిగే వయసులో నడుము ఎముకలో వెంట్రుకంత పగులు రావడం ఫాస్ట్ బౌలర్లలో బాగా కనిపించే జబ్బు. బుమ్రా 2023 మార్చిలో నడుముకి ఆపరేషన్ చేయించుకుని ఆగస్టులో గాని తిరిగి ఆడలేదు.

మహమ్మద్ షమీ సంగతి అందరికీ తెలిసిందే. 2023 వరల్డ్ కప్‌లో 7 మ్యాచ్‌ల్లో 24 వికెట్లు తీశాడు. 2024 ఫిబ్రవరిలో మడమ దగ్గరి టెండన్‌కి లండన్‌లో ఆపరేషన్ జరిగింది. ఆ నవంబర్‌లో ఇండియా జట్టులోకి నేరుగా రాకుండా బెంగాల్‌కి రంజీ ఆడి మధ్యప్రదేశ్ మీద 7 వికెట్లు తీశాడు. రాకర్‌కి రూకీ లీగ్ ఎలాగో షమీకి రంజీ అలాగ. 2025 ఫిబ్రవరిలో దుబాయ్‌లో బంగ్లాదేశ్ మీద 53 పరుగులకి 5 వికెట్లు తీశాడు. ఫైనల్ ఆడిన షమీకే కింది మెట్టు నుంచి రావడం తప్పలేదంటే మన పిల్లవాడు నొప్పి తగ్గిన మూడో రోజే టోర్నమెంట్‌కి వెళ్ళడంలో అర్థం ఉందా?

ఇంట్లో ఏం చూసుకోవాలి?

ముందు లెక్క. ఇంగ్లండ్ క్రికెట్ బోర్డు సూచనల ప్రకారం 13 ఏళ్ళలోపు ఫాస్ట్ బౌలర్ ఒక స్పెల్‌లో 5 ఓవర్లు, రోజుకి 10 ఓవర్లు మించకూడదు. మన పిల్లలు పొద్దున అకాడమీలో, సాయంత్రం గల్లీలో వేస్తారు. రంజాన్ నెలలో చాలాచోట్ల తరావీహ్ అయ్యాక లైట్లు పెట్టుకుని సహరీ దాకా ఆడతారు. అకాడమీ కోచ్‌కి గల్లీ ఓవర్లు తెలియవు. మొత్తం లెక్క తెలిసేది ఇంట్లోవాళ్ళకే.

రెండోది నొప్పి. ఆడిన మర్నాడు ఒళ్ళంతా లాగడం మామూలే. ఒకేచోట, బంతి వేసినప్పుడల్లా, రెండు వారాలకి మించి నొప్పి ఉంటే బౌలింగ్ ఆపి డాక్టర్‌కి చూపించాలి. నొప్పి మాత్ర వేసుకుని మ్యాచ్ ఆడటం అన్నిటికంటే చెడ్డది. నొప్పి తెలియదు, పగులు మాత్రం పెరుగుతుంది.

మూడోది ఎక్కడికి వెళ్ళాలన్నది. దెబ్బ తగిలిందంటే మన వైపు మొదట గుర్తొచ్చేది పుత్తూరు కట్టు. దానికి తరతరాల పేరుంది, దూరం ఊళ్ళ నుంచి కూడా వస్తారు. కానీ లిగమెంట్ తెగడం, నడుములో సన్నటి పగులు చేత్తో తడిమి తెలుసుకునేవి కావు. ఒక్కోసారి ఎక్స్‌రేలో కూడా కనపడవు. ఎమ్మారై స్కాన్ కావాల్సి వస్తుంది. తిరుపతిలో టీటీడీ నడిపే ఎముకల ఆసుపత్రి బర్డ్ ఉంది, రుయా, స్విమ్స్ ఉన్నాయి. చిత్తూరు వాళ్ళకి వేలూరు సీఎంసీ దగ్గర. ముందు ఏమైందో తేల్చుకోండి. ఏం చేయాలన్నది ఆ తర్వాత.

అమెరికాలో కొందరు తల్లిదండ్రులు ఈ ఆపరేషన్ చేయిస్తే చెయ్యి ఇంకా గట్టిపడుతుందని నమ్ముతున్నారు. డాక్టర్లు అది తప్పని చెబుతూనే ఉన్నారు. అక్కడ 2007 నుంచి 2011 వరకు ఈ ఆపరేషన్ చేయించుకున్నవాళ్ళలో సగానికి పైగా 15 నుంచి 19 ఏళ్ళ పిల్లలేనని 2015లో వచ్చిన ఒక అధ్యయనం తేల్చింది. మితిమీరి వేయడమే దీనికి పెద్ద కారణమని డాక్టర్లు అంటున్నారు.

రాకర్ వెనక క్లబ్ ఉంది, డాక్టర్లున్నారు, 52 లక్షల డాలర్లున్నాయి. అన్నీ ఉన్నా 16 నెలలు పట్టింది, 2025లో భుజం మళ్ళీ ఇబ్బంది పెట్టింది. మన పిల్లవాడి వెనక ఉన్నది అబ్బాజాన్, అమ్మీ. ఈ రాత్రి భోజనాల దగ్గర ఒక్క మాట అడగండి: ఈ వారం ఎన్ని ఓవర్లు వేశావు, ఎక్కడైనా నొప్పిగా ఉందా? నిజం చెబితే ఆట మాన్పించమని ముందే మాటివ్వండి. అప్పుడే నిజం చెబుతాడు.