పత్తి చేనిలో అర్ధలోహము

వరంగల్లు ప్రాంతపు పత్తి రైతు జింకు సల్ఫేటును, బోరాక్సును ఒకే దుకాణమున కొనును. రెండును తెల్లని పొడులే. కాని జింకు లోహము. బోరాను అటు లోహమూ కాదు, ఇటు పూర్తిగా అలోహమూ కాదు.

రాగి, ఇనుము వంటి లోహములు మెరయును, సాగును, విద్యుత్తును బాగుగా ప్రసరింపజేయును. గంధకము వంటి అలోహములు పెళుసుగా నుండి విద్యుత్తును పోనీయవు. నడుమ నిలిచిన బోరాను, సిలికాను, ఆర్సెనిక్ మొదలగువాటిని అర్ధలోహము లందురు. ఈ వర్గపు హద్దును శాస్త్రజ్ఞులందరును నేటికిని ఒక్కరీతిగా గీయరు. 1869లో మూలకములను పట్టికగా కూర్చిన మెండలీవు సిలికాను తరువాత ఒక గడి ఖాళీగా విడిచెను. 1886లో జర్మనీలో దొరకిన జర్మేనియము, అదియు అర్ధలోహమే, అందు చక్కగా అమరినది.

రైతు సోదరులకు ఈ తేడాతో పనేమి? జింకు మట్టిలో ధనావేశముతో నుండును గనుక బంకమట్టి దానిని పట్టియుంచును. బోరాను చాలవరకు ఆవేశము లేని బోరికామ్లముగా నుండి నీటితో జారిపోవును. అందుచే తేలిక చల్కా నేలలలో, వానలు దండిగా కురిసిన యేట, దీని లోపము ఎక్కువ. అప్పుడు లేత ఆకులు ముడుచుకొని గూడ, పూత, పిందెలు రాలును. అయితే బెట్టకును, పురుగుకును పూత రాలును. ముందు మట్టి పరీక్ష చేయించుకొనుట మంచిది.

లోపమున్నచో లీటరు నీటికి 1.5 గ్రాముల బోరాక్సు కలిపి, విత్తిన 60, 90 రోజులకు చల్లవలెను. చేతివాటముగా వేయరాదు. చాలినంతకును, విషమగుటకును నడుమ ఎడము బోరాను విషయమున మిక్కిలి తక్కువ. మోతాదు మించిన ఆకుల అంచులు మాడును.