పూలతో కొలిచిన కాలం: టోల్కీన్ కల్పనాలోకంలో కాలగణన

లక్ష్యాలు

ఈ పాఠం చదివిన తరువాత మీరు:
• కాలగణనకు ఆధారమైన మూడు అంశాలను గుర్తించగలుగుతారు.
• వాలినోర్ దినానికి పన్నెండు గంటలే ఎందుకో లెక్కకట్టి చూపగలుగుతారు.
• పూలను బట్టి కాలాన్ని లెక్కించడానికీ, ఆకాశాన్ని బట్టి లెక్కించడానికీ గల తేడాను వివరించగలుగుతారు.

1. పరిచయం

కాలాన్ని కొలవడానికి మూడు అంశాలు కావాలి. మళ్ళీ మళ్ళీ జరిగే ఒక సంఘటన, దాన్ని లెక్కపెట్టే పద్ధతి, లెక్క మొదలయ్యే చోటు. మన పంచాంగాన్నే తీసుకోండి. తిథులకు చంద్రుడు ఆధారం, సంక్రమణాలకు సూర్యుడు ఆధారం. శాలివాహన శకానికి క్రీ.శ. 78 ప్రారంభం.

మరి సూర్యుడూ చంద్రుడూ ఇంకా పుట్టని లోకంలో కాలాన్ని ఎలా కొలవాలి? ఆక్స్‌ఫర్డ్ విశ్వవిద్యాలయ ఆచార్యుడు జె.ఆర్.ఆర్. టోల్కీన్ (1892–1973) తన పురాణకల్పనలో ఈ ప్రశ్నకు సమాధానం ఇచ్చాడు. ఆ కథలున్న ‘ది సిల్మరిలియన్’ ఆయన మరణానంతరం 1977లో కుమారుడు క్రిస్టఫర్ సంపాదకత్వంలో వెలువడింది.

2. రెండు వృక్షాల గడియారం

వాలినోర్ అనేది దేవతల వంటి ‘వాలార్’ నివసించే దేశం. యవన్నా అనే దేవత పాడిన పాటకు అక్కడ రెండు వృక్షాలు మొలిచాయి. టెల్పెరియన్ పూస్తే వెండి వెలుగు, లారెలిన్ పూస్తే బంగారు వెలుగు. ఆ దేశానికి దీపమూ, గడియారమూ అవే.

ఒక్కో వృక్షం వెలుగు మొదలై, నిండుగా పెరిగి, మళ్ళీ ఆరిపోవడానికి ఏడు గంటలు పడుతుంది. రెండు వృక్షాలకూ కలిపి దినానికి పద్నాలుగు గంటలు ఉండాలి కదా అని మీకు అనిపించవచ్చు. కాని ఒకటి ఆరిపోవడానికి గంట ముందే రెండోది మేల్కొంటుంది. అలా దినంలో రెండుసార్లు, ఒక్కో గంటసేపు, రెండు వెలుగులూ మందంగా కలిసిపోతాయి. 7 + 7 = 14; అందులోంచి ఉమ్మడి గంటలు 2 తీసివేస్తే 12. వాలినోర్ దినం ఇదే.

క్రమంలో చూస్తే ఇలా ఉంటుంది. అయిదు గంటలు గడిచాక లారెలిన్ మేల్కొంటుంది. ఆరో గంట చివర టెల్పెరియన్ ఆరిపోతుంది. పదకొండు గంటలు గడిచాక టెల్పెరియన్ మళ్ళీ మేల్కొంటుంది. పన్నెండో గంట చివర లారెలిన్ ఆరిపోతుంది, దినం ముగుస్తుంది.

ఇక మూడో అంశం, లెక్క మొదలయ్యే చోటు. టెల్పెరియన్ మొట్టమొదటిసారి పూసినప్పుడు లారెలిన్ ఇంకా మేల్కొనలేదు. వెండి వెలుగు ఒక్కటే ఉన్న ఆ తొలి గంటను వాలార్ గంటల లెక్కలో కలపలేదు. దానికి ‘ఆరంభ ఘడియ’ అనే అర్థం వచ్చే పేరు పెట్టి, తమ యుగాలను అక్కడినుంచి లెక్కించారు. గంటల లెక్కలో లేని గంటే శకానికి మొదలు అయింది.

3. వృక్షాలు చనిపోయాక

మెల్కోర్ అనే దుష్టశక్తి ఆ వృక్షాలను బల్లెంతో పొడిచాడు. సాలీడు రూపంలోని ఉంగోలియంత్ వాటి రసాన్ని పీల్చేసింది. వాలినోర్ చీకటిలో మునిగింది. యవన్నా మళ్ళీ పాడినా వృక్షాలు బతకలేదు. చనిపోయే ముందు టెల్పెరియన్ ఒక వెండి పువ్వును, లారెలిన్ ఒక బంగారు పండును మాత్రం ఇచ్చాయి. ఆ పువ్వు చంద్రుడు, ఆ పండు సూర్యుడు అయ్యాయి.

అప్పటినుంచి ‘సూర్య సంవత్సరాల’ లెక్క మొదలైంది. అవి పాత ‘వృక్ష సంవత్సరాల’ కంటే చిన్నవి. సూర్యుడు తొలిసారి ఉదయించినప్పుడే మానవులు మేల్కొన్నారు. మధ్య భూమిలో పెరుగుదల, దానితోపాటు వార్ధక్యం కూడా వేగం పుంజుకున్నాయి. లెక్కకు ఆధారం మారినప్పుడు బతుకు వేగం కూడా మారినట్టు టోల్కీన్ చిత్రించాడు. ఈ పాఠంలో కీలకమైన అంశం ఇదే.

4. ఆకుపచ్చని సంవత్సరం

వృక్షాలు పోయినా ఎల్ఫ్‌లు మొక్కలను బట్టి కాలాన్ని చూడడం మానలేదు. ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ అనుబంధం ప్రకారం, వారు సంవత్సరాన్ని మామూలుగా ‘లోఆ’ అని పిలిచేవారు. ఆ మాటకు ‘పెరుగుదల’ అని అర్థం. సూర్యుడి చుట్టును సూచించే మాట వేరే ఉన్నా, వాడుకలో నిలిచింది మొక్కల మాటే.

రివెండెల్ పంచాంగంలో మనకు లాగే ఆరు ఋతువులు ఉన్నాయి. అయితే మన ఋతువులకు రెండేసి నెలలు. అక్కడ నిడివి సమానం కాదు. వసంతానికి 54 రోజులు, వేసవికి 72, ఫలకాలానికి 54, ఆకు రాలే కాలానికి 54, శీతాకాలానికి 72, చిగురుకు ముందు కదలికకు 54. మొత్తం 360. ఏ ఋతువుకూ చెందని అయిదు రోజులు కలిపితే 365.

5. మన లోకంలో

పూలతో కాలాన్ని చూడడం కేవలం కల్పన కాదు. జపాన్‌లోని క్యోటోలో చెర్రీ పూలు విరగబూసిన తేదీల వివరాలు తొమ్మిదో శతాబ్దం నుంచి లభిస్తున్నాయి. 2021లో అవి మార్చి 26నే విరగబూశాయి. అప్పటివరకు ఉన్న నమోదులలో అంత ముందుగా పూసిన ఏడాది లేదు. తేదీల పట్టిక చూస్తే మార్చి 26 ఎప్పుడూ మార్చి 26నే. వాతావరణం వేడెక్కుతోందన్న సంగతి చెప్పింది పువ్వు.

మన ఇంటి ఉదాహరణ వేపపువ్వు. ఉగాది 2023లో మార్చి 22న, 2024లో ఏప్రిల్ 9న వచ్చింది. తిథి చంద్రుణ్ణి అనుసరిస్తుంది. వేపపూత ఎండను అనుసరిస్తుంది. పండుగ ముందుగా వచ్చిన ఏడాది పచ్చడిలోకి పువ్వు కోసం వీధులన్నీ తిరగడం మనలో చాలామందికి అనుభవమే. ఆ రోజు మనం రెండు పంచాంగాల మధ్య నిలబడి ఉంటాం.

సారాంశం

ఆకాశపు లెక్కను ఎవరూ చెరపలేరు, కాని నేల మీద ప్రాణులు ఎలా ఉన్నాయో అది చెప్పదు. పూల లెక్క ఆ సంగతి చెబుతుంది. చెట్టు చనిపోతే అదీ ఆగిపోతుంది. టోల్కీన్ కథలో వృక్షాల మరణం అంత పెద్ద దుఃఖం కావడానికి కారణం ఇదే. పోయింది వెలుగు ఒక్కటే కాదు, ఆ లోకం కాలాన్ని కొలిచిన పద్ధతి కూడా.

మీ ప్రగతిని పరీక్షించుకోండి

1. ఒక్కో వృక్షం ఎనిమిది గంటలు వెలిగి, ఉమ్మడి కాలం ఒక్కో గంటే అయితే దినానికి ఎన్ని గంటలు?
2. తొలి గంటను దినంలో కలపకుండా శకారంభంగా తీసుకోవడంలోని ఔచిత్యాన్ని చర్చించండి.
3. మీ ఊళ్ళో ఒక చెట్టును ఎంచుకుని, అది తొలిసారి పూసిన తేదీని ఈ ఏడాదీ వచ్చే ఏడాదీ రాసి పోల్చండి.