జెర్సీ కాదు.. లీగ్ లోపలి లెక్క చూడండి

హైటెక్‌సిటీలోని ఓ కంపెనీ నుంచి ఇంటర్వ్యూ కాల్ వచ్చిందనుకోండి. మీరేం చేస్తారు? ఆ కంపెనీ ఎప్పుడు పెట్టారో చూస్తారు. క్లయింట్లు ఎవరో వెతుకుతారు. అక్కడ పనిచేసే సీనియర్‌ని పట్టుకుని ‘జీతం టైముకి పడుతుందా అన్నా?’ అని అడుగుతారు. అదే ఓ ఫుట్‌బాల్ క్లబ్ నుంచి కాల్ వస్తే? ఇవేవీ గుర్తుకురావు. ఐడీ కార్డు మీద క్లబ్ లోగో ఉంటుందన్న సంబరమే ముందుంటుంది.

సంబరపడటంలో తప్పు లేదు. కాకపోతే ఒక్క సంగతి గమనించండి. 2022 మార్చి 20న ఇండియన్ సూపర్ లీగ్ కప్ గెలిచిన హైదరాబాద్ ఎఫ్‌సీ ఇప్పుడు హైదరాబాద్‌లో లేదు. 2025లో ఆ క్లబ్‌ను ఢిల్లీకి తరలించారు. పేరు కూడా స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీగా మారిపోయింది. కప్ గెలిచిన నాలుగేళ్లలోపే ఇదంతా జరిగింది. గచ్చిబౌలిలో ఆ క్లబ్‌ను నమ్ముకున్న ఆటగాళ్లు, సిబ్బంది, అభిమానులు అందరికీ ఇది పాఠమే.

డిగ్రీ, బీటెక్, బీపీఈడీ, ఫిజియోథెరపీ.. ఏది చదువుతున్నా స్పోర్ట్స్ రంగంలోకి వెళ్లాలన్న ఆలోచన మీకుంటే ముందుగా ఈ లీగ్ ఎలా పుట్టింది, ఎలా నడుస్తోంది, డబ్బు ఎక్కడి నుంచి వస్తోంది అన్నది తెలుసుకోండి. ఆఫర్ లెటర్ మీద సంతకం పెట్టేముందు ఏం అడగాలో అప్పుడే తెలుస్తుంది.

లీగ్ లేని రోజుల్లో మనమే మేటి

దేశానికి జాతీయ లీగ్ అనేదే లేని కాలంలో ఫుట్‌బాల్‌కు హైదరాబాద్ పెద్ద దిక్కు. స్కూల్ టీచర్‌గా పనిచేసిన సయ్యద్ అబ్దుల్ రహీం 1950లో హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు కోచ్ అయ్యారు. ఆ జట్టు 1950 నుంచి 1954 వరకు వరసగా ఐదుసార్లు రోవర్స్ కప్ గెలిచింది. ఆయన శిక్షణలోనే భారత్ 1951, 1962 ఆసియా క్రీడల్లో స్వర్ణాలు సాధించింది. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది. తులసీదాస్ బలరాం, పీటర్ తంగరాజ్ లాంటి మన నగర ఆటగాళ్లు ఆ జట్టులో ఉన్నారు. 2024లో వచ్చిన ‘మైదాన్’ సినిమా రహీం జీవితం ఆధారంగా తీసిందే.

ఇక్కడ ఉద్యోగార్థులు గమనించాల్సింది జట్టు పేరు. ‘సిటీ పోలీస్’. అప్పట్లో ఆట ఒక్కటే బతుకుతెరువు కాదు. పోలీసు, రైల్వే, సైన్యం లాంటి శాఖల్లో కొలువుండేది, ఆ కొలువు అండతో ఆట సాగేది. జట్టు ఓడినా నెల జీతం ఆగేది కాదు. ప్రొఫెషనల్ లీగ్ వచ్చాక ఈ లెక్క మారిపోయింది.

1996 నుంచి మూడు మలుపులు

తొలి మలుపు 1996. అఖిల భారత ఫుట్‌బాల్ సమాఖ్య, అంటే ఏఐఎఫ్‌ఎఫ్, ఆ ఏడాది నేషనల్ ఫుట్‌బాల్ లీగ్ మొదలుపెట్టింది. తొలి విజేత పంజాబ్‌కు చెందిన జేసీటీ. మాదాపూర్‌లో సైబర్ టవర్స్ ప్రారంభమైంది 1998లో. అంటే మన ఐటీ కారిడార్, దేశ ఫుట్‌బాల్ లీగ్ దాదాపు ఒకే వయసువి. ఒకటి ఎలా ఎదిగిందో మీరు రోజూ చూస్తూనే ఉన్నారు. రెండోది తడబడుతూ నడిచింది.

రెండో మలుపు 2007. పాత లీగ్ స్థానంలో ఐ-లీగ్ వచ్చింది. గోవాకు చెందిన డెంపో తొలి విజేత. పేరు మారినా క్లబ్బుల ఆదాయ సమస్య తీరలేదు. మహీంద్రా యునైటెడ్ 2010లో, మొదటి జాతీయ లీగ్ గెలిచిన జేసీటీ 2011లో తమ జట్లను మూసేశాయి. యజమాని కంపెనీ చాలనుకుంటే క్లబ్ ఉండదన్నది అప్పుడే తేలిపోయింది.

మూడో మలుపు 2010లో జరిగిన ఒప్పందం. ఏఐఎఫ్‌ఎఫ్ తన వాణిజ్య హక్కులను 15 ఏళ్లకు రూ.700 కోట్లకు ఐఎంజీ-రిలయన్స్‌కు ఇచ్చింది. దాని నుంచి పుట్టిందే ఐఎస్‌ఎల్. 2014 అక్టోబర్ 12న ఎనిమిది ఫ్రాంచైజీలతో మొదలైంది. 2017-18లో బెంగళూరు, జంషెడ్‌పూర్ చేరి పది అయ్యాయి. 2019లో ఐఎస్‌ఎల్‌కు దేశంలో అగ్రశ్రేణి లీగ్ హోదా దక్కింది. ఆ ఏడాదే పుణె సిటీ క్లబ్ తప్పుకోవడంతో ఆ ఖాళీలోకి హైదరాబాద్ ఎఫ్‌సీ వచ్చింది. మన క్లబ్ పుట్టిందే ఇంకో నగరం క్లబ్ పోయిన చోట అన్నమాట.

నిచ్చెన ఎలా ఉంది?

పైమెట్టు ఐఎస్‌ఎల్. 2024-25 సీజన్‌లో దాని కింద ఐ-లీగ్, ఆ కింద ఐ-లీగ్ 2, ఐ-లీగ్ 3, అన్నిటికీ అడుగున రాష్ట్ర సంఘాల లీగ్‌లు ఉండేవి. మహిళలకు 2016-17 సీజన్ నుంచి ఇండియన్ విమెన్స్ లీగ్ ఉంది. నిజామాబాద్ అమ్మాయి గుగులోత్ సౌమ్య ఆ లీగ్‌లో రాణించి, క్రొయేషియాలోని డైనమో జాగ్రెబ్‌కు కూడా ఆడింది.

ఐఎస్‌ఎల్‌లో రెండు ట్రోఫీలుంటాయని చాలామందికి తెలియదు. లీగ్ దశలో అగ్రస్థానంలో నిలిచిన జట్టుకు షీల్డ్. తర్వాత జరిగే ప్లేఆఫ్స్ గెలిచిన జట్టుకు కప్. 2021-22లో షీల్డ్ జంషెడ్‌పూర్‌ది, కప్ హైదరాబాద్‌ది. ఇంటర్వ్యూలో ‘ఆ ఏడాది విజేత ఎవరు?’ అని అడిగితే ఈ తేడా చెప్పగలిగినవాళ్లు ప్రత్యేకంగా కనిపిస్తారు.

ఐ-లీగ్ గెలిచిన జట్టు పైకి వెళ్లే పద్ధతి 2022-23 నుంచి మొదలైంది. అలా వెళ్లిన తొలి క్లబ్ పంజాబ్ ఎఫ్‌సీ. ఆ తర్వాత మొహమ్మదన్ స్పోర్టింగ్. మన నగర శివారులోని డెక్కన్ ఎరీనాలో ఆడే శ్రీనిధి డెక్కన్ 2022-23, 2023-24లలో వరసగా రెండుసార్లు రెండో స్థానంలో నిలిచింది. పైకి వెళ్లేది ఒక్కరే కాబట్టి కిందే ఉండిపోయింది. క్యాంపస్ ప్లేస్‌మెంట్స్‌లో ఫైనల్ రౌండ్ దాకా వెళ్లి ఆగిపోయినవాళ్లకు ఆ బాధేంటో చెప్పక్కర్లేదు.

పైకి వెళ్లడం మొదలైనా, కిందికి దించడం మాత్రం జరగలేదు. 2024-25 నుంచి అడుగున ఉన్న జట్టును దించాలన్నది అసలు ప్రణాళిక. ఆ సీజన్‌లో చివరన నిలిచిన మొహమ్మదన్ స్పోర్టింగ్ ఐఎస్‌ఎల్‌లోనే కొనసాగింది.

కప్ వచ్చింది.. జీతాలు ఆగాయి

ఇక హైదరాబాద్ ఎఫ్‌సీ కథకు వద్దాం. 2019-20లో పట్టికలో ఆఖరి స్థానం. తర్వాత స్పెయిన్ కోచ్ మనోలో మార్కెజ్ వచ్చారు, కుర్రాళ్లను తీర్చిదిద్దారు. 2021-22లో బార్తలోమ్యూ ఒగ్బెచె 18 గోల్స్ కొట్టాడు. గోవాలోని ఫటోర్డాలో కేరళ బ్లాస్టర్స్‌తో ఫైనల్ 1-1తో ముగిసింది. షూటౌట్‌లో గోల్‌కీపర్ లక్ష్మీకాంత్ కట్టిమణి మూడు పెనాల్టీలు ఆపాడు. కప్ మనదైంది. కొవిడ్ వల్ల ఆ రెండు సీజన్ల మ్యాచ్‌లూ గోవాలోనే జరిగాయి. గచ్చిబౌలి జనం తమ ఛాంపియన్లను టీవీలోనే చూసుకోవాల్సి వచ్చింది.

2022-23లోనూ లీగ్ దశలో రెండో స్థానం. బయటి నుంచి చూస్తే అంతా దివ్యంగా ఉంది. లోపల మాత్రం బకాయిలు పేరుకుపోయాయి. పైన పటారం, లోన లొటారం అంటామే, అదే పరిస్థితి. జీతాలు అందక 2023-24 సీజన్ మధ్యలో ఆటగాళ్లు ఒక్కొక్కరుగా వెళ్లిపోయారు. కొత్తవాళ్లను తీసుకోకుండా ఫిఫా నిషేధం పడింది. ఆ సీజన్ 22 మ్యాచ్‌ల్లో ఒక్కటే విజయం. 2024లో బీసీ జిందాల్ గ్రూప్ క్లబ్‌ను తీసుకుంది. మరుసటి ఏడాదే ఢిల్లీకి తరలించింది.

ఇదేదో ఒక్క క్లబ్ సమస్య అనుకోకండి. 2010లో రాసుకున్న 15 ఏళ్ల ఒప్పందం 2025 డిసెంబర్ 8తో ముగిసింది. తర్వాత ఏంటన్నది తేలకపోవడంతో నిర్వాహకులు జులైలోనే కొత్త సీజన్‌ను పక్కనపెట్టారు. ఆగస్టులో బెంగళూరు ఎఫ్‌సీ తమ ప్రధాన జట్టు ఆటగాళ్లు, సిబ్బంది జీతాలు నిలిపేస్తున్నట్టు ప్రకటించింది. వాణిజ్య హక్కుల కోసం ఏఐఎఫ్‌ఎఫ్ టెండర్ పిలిస్తే ఒక్క బిడ్ కూడా రాలేదు. చివరికి 2026 జనవరిలో కేంద్ర క్రీడల మంత్రి ప్రకటన వచ్చింది. 14 క్లబ్బులు, 91 మ్యాచ్‌లతో కుదించిన సీజన్ ఫిబ్రవరి 14 నుంచి మొదలవుతుందని చెప్పారు. పైన కుదరాల్సిన ఒక్క ఒప్పందం కుదరకపోతే కింద ఉన్న కిట్ మేనేజర్ దాకా అందరి నెల జీతమూ ప్రశ్నార్థకమే!

మరి ఉద్యోగాలు ఎక్కడున్నాయి?

ఇదంతా చదివి ‘మనకెందుకులే’ అనుకుంటే పొరపాటు. పై లీగ్‌లో ఆడాలంటే క్లబ్‌కు లైసెన్స్ కావాలి. ఆసియా సమాఖ్య నిబంధనల ప్రకారం క్రీడా, మౌలిక వసతులు, సిబ్బంది-పరిపాలన, న్యాయ, ఆర్థిక అనే ఐదు విభాగాల్లో ప్రమాణాలు అందుకోవాలి. యూత్ జట్ల కోచ్‌లు, డాక్టర్, ఫిజియో, ఫైనాన్స్, మీడియా, భద్రత.. ఇలా ఆ నిబంధనలే ఉద్యోగాలను సృష్టిస్తున్నాయి.

కోచింగ్: ఏఐఎఫ్‌ఎఫ్ లైసెన్సుల మెట్లు ‘ఈ’ నుంచి మొదలై డీ, సీ, బీ, ఏ, ప్రో వరకు ఉంటాయి. పెద్ద ఆటగాడై ఉండాల్సిన పనిలేదు, కింది నుంచి ఒక్కో మెట్టూ ఎక్కాలి. ఖాలిద్ జమీల్ 2021లో ఐఎస్‌ఎల్ క్లబ్‌కు పూర్తిస్థాయి హెడ్ కోచ్ అయిన తొలి భారతీయుడు. 2025లో జాతీయ జట్టు కోచ్ అయ్యారు. పటియాలాలోని ఎన్‌ఐఎస్ కోచింగ్ డిప్లొమా, గ్వాలియర్‌లోని ఎల్‌ఎన్‌ఐపీఈ కోర్సులు, ఇంఫాల్‌లోని జాతీయ క్రీడా విశ్వవిద్యాలయం కూడా చూడండి.

రిఫరీ: ఆట నియమాలు మొత్తం 17. పుస్తకం ఆన్‌లైన్‌లో ఉచితం. ప్రవేశ పరీక్షల వివరాలు రాష్ట్ర ఫుట్‌బాల్ సంఘం దగ్గర దొరుకుతాయి. చదువుకుంటూనే వారాంతాల్లో చేయగలిగిన పని ఇది.

డేటా, వీడియో అనాలసిస్: బీటెక్ వాళ్లకు దగ్గరి దారి. స్టాట్స్‌బాంబ్ సంస్థ 2022 ప్రపంచకప్‌తో సహా చాలా మ్యాచ్‌ల డేటాను ఉచితంగా పెట్టింది. పైథాన్ వస్తే చాలు, ఓ మ్యాచ్‌ను విశ్లేషించి గిట్‌హబ్‌లో పెట్టండి. ‘ఫుట్‌బాల్ అంటే ప్యాషన్’ అని రెజ్యుమెలో రాసే లైను కన్నా అది బలంగా మాట్లాడుతుంది.

మేనేజ్‌మెంట్, ఈవెంట్లు: కోల్‌కతాలోని ఐఐఎస్‌డబ్ల్యూబీఎం, ఐఐఎం రోహ్‌తక్ లాంటి చోట్ల స్పోర్ట్స్ మేనేజ్‌మెంట్ కోర్సులున్నాయి. 2024 సెప్టెంబర్‌లో గచ్చిబౌలిలో భారత్, సిరియా, మారిషస్ మధ్య ఇంటర్‌కాంటినెంటల్ కప్ జరిగింది. ఇలాంటి టోర్నీలు వచ్చినప్పుడు వాలంటీర్‌గానైనా వెళ్లండి. స్టేడియం లోపల పని ఎలా నడుస్తుందో రెండు రోజుల్లో అర్థమవుతుంది.

సంతకానికి ముందు ఐదు ప్రశ్నలు

1. క్లబ్ యజమాని ఎవరు? ఆయన అసలు వ్యాపారం ఏంటి? టికెట్లు, స్పాన్సర్ల డబ్బుతోనే క్లబ్ నడుస్తోందా, లేక ఏటా ఆయన జేబులోంచే పెట్టాలా?

2. ఈ సీజన్‌కు లైసెన్స్ వచ్చిందా? మినహాయింపు మీద నడుస్తోందా? ఫిఫా నిషేధం ఏమైనా ఉందా? ఇవి వార్తల్లో వచ్చే విషయాలే. పది నిమిషాలు వెతికితే చాలు.

3. నా కాంట్రాక్ట్ ఎవరితో? క్లబ్ కంపెనీతోనా, మధ్యలో ఏజెన్సీతోనా? సీజన్‌కే పరిమితమా, ఏడాది పొడవునా?

4. సీజన్ ఆగినా, క్లబ్ ఊరు మారినా నా జీతం సంగతేంటి? ఎన్ని రోజుల నోటీసు? అడగడానికి మొహమాటం వద్దు. నోటిమాట కాదు, కాగితం మీద ఉండాలి.

5. ఇక్కడ నేర్చుకున్న పని ఇంకెక్కడ పనికొస్తుంది? వీడియో అనాలసిస్ కబడ్డీకి, క్రికెట్‌కు కూడా కావాలి. ఫిజియో డిగ్రీకి ఆసుపత్రి ఉంది. ఈవెంట్ అనుభవానికి ఐటీ కంపెనీలే పిలుస్తాయి. ఒక్క క్లబ్‌కు తప్ప ఎక్కడా పనికిరాని ఉద్యోగమైతే రెండుసార్లు ఆలోచించండి.

ఈ ఐదింటికీ సూటిగా జవాబిచ్చే క్లబ్ చిన్నదైనా చేరొచ్చు. ‘అవన్నీ తర్వాత చూద్దాంలే’ అనే చోట లోగో ఎంత పెద్దదైనా తొందరపడొద్దు. ఇంట్లో అద్దె, ఎడ్యుకేషన్ లోన్ ఈఎంఐ లెక్క వేసుకుని, కనీసం మూడు నెలల ఖర్చు చేతిలో ఉండేలా చూసుకున్నాకే ఈ రంగంలో దిగండి.

మొదటి అడుగు ఈ వారమే వేయొచ్చు. రాష్ట్ర లీగ్‌లో ఆడే ఓ చిన్న క్లబ్‌ను ఎంచుకుని, వాళ్ల తర్వాతి మ్యాచ్‌కు వెళ్లండి. వీడియో తీసేవాళ్లు, స్కోరు రాసేవాళ్లు, సోషల్ మీడియా చూసేవాళ్లు వాళ్లకు ఉన్నారో లేరో కనుక్కోండి. లేకపోతే ‘నేను చేస్తాను, నాలుగు మ్యాచ్‌లు చూడండి’ అని అడగండి.