యాసతోనే టాకీ తార అయిన కినుయో తనాకా

సెలవులకు విజయవాడో హైదరాబాదో వెళ్లిన మన పిల్లలకు ‘మీ తెలుగు అదోలా ఉందే’ అన్న మాట కొత్త కాదు. యాస ఉంటే నలుగురిలో నోరు విప్పకూడదా? జపాన్ తొలి టాకీల నాటి ఒక నటి కథలో దీనికి జవాబు ఉంది.

మూకీలు అని పేరే గానీ, అప్పటి జపాన్ సినిమా హాళ్లలో నిశ్శబ్దం ఉండేది కాదు. తెర పక్కన ‘బెన్షి’ అనే వ్యాఖ్యాత కథ చెబుతూ, పాత్రల మాటలన్నీ తానే పలికేవాడు. తెర మీది నటి ఏ ఊరి మాట మాట్లాడుతుందో ప్రేక్షకులకు తెలిసే వీలే లేదు.

కినుయో తనాకా 1909లో షిమోనోసెకిలో పుట్టారు. అది టోక్యోకు చాలా దూరాన, హోన్షూ దీవి పడమటి కొసన ఉన్న రేవు పట్టణం. ఒసాకాలో బాలికల సంగీత నాటక బృందంలో పనిచేసి, 1924లో షోచికు సంస్థలో చేరారు. మూకీల్లోనే తార అయ్యారు.

1931 ఆగస్టులో హెయినోసుకే గోషో దర్శకత్వంలో ‘మదాము తో న్యోబో’ విడుదలైంది. జపాన్‌లో విజయవంతమైన తొలి పూర్తి టాకీ అదే. పక్కింటి జాజ్ సంగీతం గోలకు రాత సాగని నాటక రచయిత కథ అది. అతని భార్యగా తనాకా నటించారు. మాటలు, సంగీతం అన్నీ చిత్రీకరణ సమయంలోనే రికార్డు చేశారు. అందుకే యాసను తర్వాత సరిదిద్దే వీలు లేకపోయింది. తనాకా మాటలో సొంత ఊరి యాస వినిపించింది. అయినా ఆ తీయని గొంతు జనానికి నచ్చింది. ‘కినెమా జుంపో’ పత్రిక ఆ ఏటి ఉత్తమ జపాన్ చిత్రంగా దాన్నే ఎంచింది. అదే అక్టోబరులో మద్రాసులో తమిళం, తెలుగు కలగలిసిన ‘కాళిదాస్’ విడుదలైంది.

టాకీలు అందరికీ మేలు చేయలేదు. ఉపాధి పోతుందని బెన్షీలు 1932లో సమ్మెకు దిగారు. అయినా వాళ్ల వృత్తి నిలవలేదు. తనాకా మాత్రం నిలిచారు. 1938లో ‘ఐజెన్ కత్సురా’ ఘనవిజయం సాధించింది. 1953లో ఆమె దర్శకురాలయ్యారు. 1975లో బెర్లిన్ చిత్రోత్సవంలో ఉత్తమ నటి పురస్కారం అందుకున్నారు.

యాస పోయాకే మాట్లాడదామని తనాకా ఆగి ఉంటే ఆ గొంతు ఎవరికీ వినిపించేది కాదు. మన పిల్లలకూ ఆ మాటే చెబుదాం. ఇంట్లో వచ్చిన తెలుగునే ధైర్యంగా మాట్లాడమందాం.