పువ్వును చేసినవాడే పురుగునూ చేశాడు

అడవిపువ్వులను గమనించి చూడమని ప్రభువైన యేసు కొండమీది ప్రసంగంలో శిష్యులకు చెప్పాడు (మత్తయి 6:28). ఆ మాట మనకెంతో ఇష్టం. పువ్వును చూస్తాం, దాని రంగును మెచ్చుకుంటాం, సృష్టికర్తను స్తుతిస్తాం. కాని అదే పువ్వు రేకుల మధ్య ఒక పెంకుపురుగు తలదూర్చి కూర్చుని కనిపిస్తే చాలు, స్తుతి అక్కడే ఆగిపోతుంది. చేయి పురుగుమందు డబ్బా కోసం వెదుకుతుంది. పువ్వు దేవునిది, పురుగు మాత్రం సాతానుది అన్నట్లుగా ఉంటుంది మన ప్రవర్తన.

ఆదికాండము మొదటి అధ్యాయం అలా చెప్పడం లేదు. పశువులను, మృగాలను చేసిన దేవుడే నేలమీద పాకే జీవులను కూడా చేశాడనీ, ఆయన దృష్టికి అవి కూడా మంచివిగానే కనబడ్డాయనీ అక్కడ ఉంది (1:24, 25). సొలొమోను రాజు జ్ఞానాన్ని వివరిస్తూ, ఆయన చెట్లను, పక్షులను గురించే కాక పాకే జీవులను గురించి కూడా బోధించాడని మొదటి రాజుల గ్రంథం చెబుతోంది (4:33). మందిరాన్ని కట్టించిన మహారాజు పురుగును గురించి మాట్లాడటం తన హోదాకు తక్కువనుకోలేదు. కనుక ఈ వారం మనం కూడా పువ్వుల మీద వాలే పెంకుపురుగులను గురించి కాస్త ఆలోచిద్దాం.

శాస్త్రజ్ఞులు ఇంతవరకు గుర్తించి పేర్లు పెట్టిన పెంకుపురుగుల జాతులు దాదాపు 4 లక్షలు. భూమిమీద మనకు తెలిసిన జంతుజాతుల్లో సుమారు నాలుగో వంతు ఇవే. బ్రిటన్‌లో పుట్టి, 1957లో మన దేశానికి వచ్చి స్థిరపడి, 1964లో భువనేశ్వర్‌లో కన్నుమూసిన జీవశాస్త్రవేత్త జె.బి.ఎస్. హాల్డేన్ విశ్వాసి కాడు. అలాంటివాడు కూడా, సృష్టికర్త అంటూ ఒకడుంటే ఆయనకు నక్షత్రాలన్నా పెంకుపురుగులన్నా మహా ప్రీతి అయి ఉండాలని చమత్కరించాడు. ఆయన వేళాకోళానికి అన్న మాటను మనం ఆరాధనగా తీసుకోవచ్చు.

ఈ పెంకుపురుగుల్లో పూలనే ఆశ్రయించి బతికే ఒక కుటుంబం ఉంది. అందులో సుమారు 4 వేల జాతులున్నాయి. కొన్ని పచ్చలు పొదిగినట్లు మెరుస్తాయి. మన గులాబీల మీద కనిపించే ఒకటి ఎరుపు మీద నలుపు, తెలుపు మచ్చలతో ఉంటుంది. మామూలుగా పెంకుపురుగులు ఎగరాలంటే పైనున్న గట్టి రెక్కలను డొప్పల్లా పైకెత్తుతాయి. ఈ కుటుంబంలో చాలావాటికి ఆ అవసరం లేదు. పై డొప్పలు మూసే ఉంటాయి. పక్కనున్న చిన్న సందులోంచి లోపలి పలుచని రెక్కలు బయటికి చాచి ఎగిరిపోతాయి. మన చిటికెనవేలి గోరంత జీవికి ఇంత ఏర్పాటు చేసిన చేతిని తలుచుకుంటే ఆశ్చర్యం కలుగుతుంది.

మన సంఘాల చరిత్రకూ ఈ పురుగులకూ చిన్న బంధం ఉంది. మొక్కలకు, జంతువులకు శాస్త్రీయ నామాలు పెట్టే పద్ధతిని స్థిరపరచిన కార్ల్ లినేయస్ స్వీడన్ దేశంలో ఒక లూథరన్ పాస్టరు కుమారుడు. ఆయన శిష్యుడు యోహాన్ గెర్హార్డ్ కోనిగ్ 1768లో తరంగంబాడిలోని లూథరన్ మిషన్‌కు వైద్యుడిగా వచ్చాడు. రోగులకు వైద్యం చేస్తూనే ఇక్కడి మొక్కలను, పురుగులను సేకరించి యూరప్‌కు పంపాడు. లినేయస్ మరో శిష్యుడైన ఫాబ్రీషియస్ వాటిని పరిశీలించి ఎన్నో కీటకాలకు పేర్లు పెట్టాడు. కోనిగ్ 1785లో మన కాకినాడ జగన్నాథపురంలోనే ప్రాణం విడిచాడు. మిషన్ వైద్యుడై వచ్చిన ఆ మనిషి పురుగును పరిశీలించడం వ్యర్థమైన పని అనుకోలేదు.

ఇంతకీ ఈ పురుగుల వల్ల ప్రయోజనమేమిటి? కోతకాలపు పండుగనాడు విశ్వాసులు చర్చికి తెచ్చే సీతాఫలాల బుట్టను అడిగితే చెబుతుంది. పాలమూరు సీతాఫలం పేరు వినని తెలుగువారుండరు. అక్కడి బాలానగర్ పేరుతో ఒక రకమే ఉంది. ఈ చెట్టు పువ్వుకు మందమైన మూడు రేకులుంటాయి. అవి పూర్తిగా విచ్చుకోవు. ఒకే పువ్వులో ఆడభాగం, మగభాగం రెండూ ఉన్నా, రెండూ ఒకేసారి సిద్ధపడవు. ముందు ఆడభాగం సిద్ధమవుతుంది. దాని సమయం దాటాక పుప్పొడి రాలుతుంది. అందువల్ల పువ్వు తనంతట తాను ఫలించడం చాలా కష్టం. తేనెటీగలకు ఇక్కడ పెద్దగా పనిలేదు. ఆవగింజకు కాస్త పెద్దవైన చిన్న చిన్న పెంకుపురుగులు ఆ పువ్వు వాసనకు వచ్చి, రేకుల సందులోంచి లోపలికి దూరి, అక్కడే ఉండిపోతాయి. పుప్పొడి రాలినప్పుడు దాన్ని ఒంటినిండా పూసుకుని బయటపడి, అప్పుడే సిద్ధమవుతున్న మరో పువ్వులోకి వెళతాయి.

సీతాఫలం మీద కనిపించే ఒక్కొక్క కన్నూ పువ్వులోని ఒక్కొక్క భాగం ఫలించిందనడానికి గుర్తు. పుప్పొడి సరిగా అందకపోతే కాయ నిలవదు, నిలిచినా ఒకపక్కకు వంకరపోతుంది. ఈ పురుగులు చాలని చోట రైతులు చిన్న కుంచె పట్టుకుని పువ్వు పువ్వుకూ పుప్పొడి అద్దవలసి వస్తుంది. మరి ఆ పురుగులు ఎక్కడ పెరుగుతాయి? చెట్టు కింద రాలి కుళ్లిన పండ్లలో. మనం అసహ్యించుకుని ఊడ్చి పారేసే కుళ్లులోంచే వచ్చే ఏటి పంటకు పనివాళ్లు తయారవుతున్నారు.

ఇంకొక ఉదాహరణ మన గోదావరి ప్రాంతపు ఆయిల్‌పామ్ తోటల్లో ఉంది. ఈ చెట్టు స్వస్థలం పశ్చిమాఫ్రికా. దాన్ని మలేషియాకు తీసుకువెళ్లి పెద్ద తోటలు వేసినవారు చెట్టును తెచ్చారు గాని, దాని పూలలో బతికే పురుగును తేలేదు. కాయ సరిగా పట్టక, మనుషులను పెట్టి చేతులతో పుప్పొడి చల్లించేవారు. చివరికి కామెరూన్ దేశపు తోటల నుంచి 3, 4 మిల్లీమీటర్లకు మించని ఒక ముక్కుపురుగును తెచ్చి 1981లో మలేషియా తోటల్లో వదిలారు. అంతమంది కూలీలు చేసిన పనిని ఆ పురుగులు అందుకున్నాయి. 1980వ దశకంలోనే వాటిని మన దేశానికీ తెచ్చారు. ఒక విషయం గమనించండి. ఈ పురుగు మగపూల గెలల్లోనే గుడ్లు పెడుతుంది, దాని పిల్లలు ఆ పూలనే తిని పెరుగుతాయి. తినడం మాత్రమే చూసినవారు దాన్ని చీడ అనుకుంటారు. గెల బరువు చూసినవారు దాన్ని పనివాడు అంటారు.

మన పెరట్లోకి వద్దాం. ఎరువు దిబ్బను తవ్వినప్పుడు వంకర తిరిగిన తెల్లటి లావుపాటి పురుగులు బయటపడతాయి. చూడగానే వేరుపురుగులని కాలితో నలిపేస్తాం. కాని వాటిలో కొన్ని, పువ్వుల మీద వాలే పెంకుపురుగుల పిల్లలై ఉండవచ్చు. వాటిని పోల్చుకోవడానికి ఒక సులువైన మార్గం ఉంది. పురుగును చదునైన నేలమీద పెట్టి కాసేపు చూడండి. అది వెల్లకిలా తిరిగి, కాళ్లు పైకి పెట్టి, వీపు మీద పాకిందంటే అది పూలపురుగు పిల్ల. దాని ఆహారం కుళ్లిన ఆకులు, పుచ్చిన కర్ర, పాత పేడ. వాటిని తిని మెత్తటి ఎరువుగా మార్చి మన మొక్కకే ఇస్తుంది. వేర్లు కొరికే వేరుపురుగు అలా వీపు మీద నడవదు. ఒక్క నిమిషం ఆగి చూసే ఓపిక ఉంటే, నేరం చేసిన దానికీ చేయని దానికీ తేడా తెలుస్తుంది.

అన్ని పురుగులూ మంచివే, రైతు ఊరికే భయపడుతున్నాడని మేము అనడం లేదు. ఎర్రమచ్చల పూలపురుగు గులాబీ రేకులను, వంకాయ పూతను కొరికేస్తుంది. నలుపు మీద నారింజ పట్టీలున్న మరో పెంకుపురుగు కంది, మినుము పూతకు వచ్చినప్పుడు గుంపుగా వాలి పువ్వులు తినేస్తుంది. అప్పు చేసి విత్తనం వేసిన రైతుకు అది తక్కువ బాధ కాదు. దాన్ని చేత్తో పట్టుకుంటే చర్మం బొబ్బలెక్కుతుంది కూడా. అయితే దీనిలోనూ ఒక వింత ఉంది. ఈ జాతి పురుగుల పిల్లలు నేలలో ఉన్న మిడతల గుడ్లను వెదికి తింటాయి. మిడతల దండు పొలాలను నాశనం చేయడం చూసి యోవేలు ప్రవక్త ఎంత విలపించాడో మనకు తెలుసు. పైన పూత తినే పురుగే, చిన్నతనంలో నేల కింద మిడతల సంఖ్యను తగ్గిస్తోంది. దాని నష్టం మన కంటికి కనిపిస్తుంది. దాని మేలు మట్టి కింద జరిగిపోతుంది.

గోధుమల్లో గురుగులు మొలిచిన ఉపమానం ఇక్కడ గుర్తుకు వస్తుంది (మత్తయి 13:24-30). గురుగులను ఇప్పుడే పెరికేస్తామని దాసులు తొందరపడితే, వాటితోపాటు గోధుమలు కూడా ఊడివస్తాయని యజమాని వారిని ఆపాడు. ఆ ఉపమానం పురుగుమందులను గురించినది కాదు, దేవుని రాజ్యాన్ని గురించినది. కాని ఆ దాసుల తొందరపాటు మాత్రం మనలో ప్రతిరోజూ కనిపిస్తుంది. పూత మీద ఉన్న చెట్టుకు మందు కొట్టినప్పుడు, రేకులు కొరికినదీ చస్తుంది, కాయ నిలబెట్టేదీ చస్తుంది. తేనెటీగ కూడా చస్తుంది. ఆ తర్వాత కాయ పట్టలేదని మనమే దేవుని సన్నిధిలో మొర పెడతాం.

ఏదెను తోటలో దేవుడు ఆదామును ఉంచినప్పుడు అతనికి రెండు పనులు అప్పగించాడు (ఆదికాండము 2:15). ఒకటి సేద్యం చేయడం, రెండోది కాపాడటం. మొదటిది మనకు బాగా గుర్తుంది, రెండోదాన్ని మరచిపోయాం. తోటమాలి తోటకు యజమాని కాడు. లెక్క చెప్పవలసినవాడు.

కనుక ఏం చేయాలి? పూత నిండుగా ఉన్న రోజుల్లో మందు కొట్టకుండా ఉండగలిగితే ఉండండి. తప్పనిసరి అనిపిస్తే ముందు వ్యవసాయాధికారిని అడగండి. పెరట్లో నాలుగు మొక్కలకు పురుగు పడితే, ఉదయం చలికి అవి మందకొడిగా ఉన్నప్పుడు చేతికి తొడుగు వేసుకుని ఏరివేయవచ్చు. రాలిన ఆకులను తగలబెట్టకుండా ఒక మూల కుప్పవేయండి. చర్చి ఆవరణ శుభ్రం చేసే యౌవనస్థులకు కూడా ఈ మాట చెప్పండి. సండేస్కూలు పిల్లలను ఒక ఆదివారం చెట్ల దగ్గరకు తీసుకువెళ్లి, పువ్వులో ఎవరున్నారో చంపకుండా చూసి రమ్మనండి. సృష్టిని గురించిన పాఠం వారికి జీవితాంతం గుర్తుంటుంది.

చివరిగా మరో మాట. మన సంఘాల్లో కూడా పైకి కనిపించే తప్పును బట్టి మనుషులను తేల్చేస్తుంటాం. ఆరాధనకు ఆలస్యంగా వచ్చి వెనుక వరుసలో కూర్చునే ఒక సహోదరుడు ఉంటాడు. అతని ఆలస్యం అందరికీ తెలుసు. ఎవరింట్లోనైనా చావు సంభవిస్తే తెల్లవారకముందే సమాధుల తోటకు వెళ్లి గొయ్యి తవ్వేది అతనేనని కొందరికే తెలుసు. ఎదురు ప్రశ్నలు వేసే యువకుడు, బిగ్గరగా ప్రార్థించే ముసలమ్మ, కొత్తగా వచ్చి పద్ధతులు తెలియని కుటుంబం, వీరందరినీ సంఘానికి చీడ అనుకోవడం తేలిక. శరీరంలో బలహీనంగా కనబడే అవయవాలే మరీ అవసరమైనవని పౌలు కొరింథీయులకు రాశాడు (1 కొరింథీ 12:22). తప్పును తప్పు అనకూడదని దీని అర్థం కాదు. కంది చేలో పురుగును ఏరవలసినప్పుడు ఏరవలసిందే. కాని తీర్పు చెప్పేముందు ఆ ఒక్క నిమిషం ఆగామా, వారు చేస్తున్న కనిపించని పనిని వెదికి చూశామా అన్నదే ప్రశ్న.

రేపు ఉదయం పూలు కోయడానికి వెళ్లినప్పుడు ఏదైనా పువ్వులో పురుగు కనిపిస్తే ఆ పువ్వును కొమ్మకే వదిలేయండి. ఒక్క పువ్వు తగ్గినందువల్ల మన బల్లకు లోటు రాదు. తాను చేసిన దేనినీ నిర్లక్ష్యం చేయని దేవుడు, మనకు చూసే కన్నులను, తొందరపడని చేతులను అనుగ్రహించును గాక.