రోబో క్లైమాక్స్‌లో ఆ పెద్ద రోబోని నడిపించింది ఎవరు?

మొన్న కృష్ణానగర్‌లో టీ తాగుతుంటే, పక్కనే ఇద్దరు తమ్ముళ్లు ఫోన్‌లో 'రోబో' క్లైమాక్స్ చూస్తున్నారు. చిట్టిలన్నీ అతుక్కుని బంతి అవుతాయి, పాము అవుతాయి, చివరికి ఒక పెద్ద మనిషి ఆకారం లేస్తుంది కదా, ఆ సీన్. ఒకడు అడిగాడు, "ఇది చేసింది ఎవర్రా?" అని. రెండోవాడు "శంకర్" అన్నాడు. డైరెక్టర్ ఆయనే, తప్పేం లేదు. కానీ ఆ రోబోని నడిపించింది ఎవరు? ఈ ఎపిసోడ్ దాని గురించే.

ఆ సినిమాకి విజువల్ ఎఫెక్ట్స్ సూపర్‌వైజర్ వి. శ్రీనివాస్ మోహన్. 2010 అక్టోబర్ 1న సినిమా వచ్చింది, ఆ పనికి ఆయనకి నేషనల్ అవార్డ్ వచ్చింది. తర్వాత 2015లో 'బాహుబలి' మొదటి భాగం, దానికీ నేషనల్ అవార్డ్. 2018లో '2.0', అందులో సెల్‌ఫోన్లన్నీ కలిసి పెద్ద పక్షి అయ్యేది గుర్తుందా? 2022లో 'ఆర్ఆర్ఆర్', మళ్లీ నేషనల్ అవార్డ్. ఇంటర్వెల్‌లో ఎన్టీఆర్‌తో పాటు లారీలోంచి దూకే జంతువులు కూడా కంప్యూటర్‌లో పుట్టినవే. ఇన్ని హిట్లు చూసినవాళ్లలో ఆయన ఫొటో చూపిస్తే గుర్తుపట్టేవాళ్లు ఎంతమంది? మీరే ఆలోచించండి.

సరే, అసలు విషయానికి వద్దాం. పెద్ద రోబో పెద్దగా ఎందుకు కనిపిస్తుంది? సైజు పెంచితే సరిపోతుందా? సరిపోదు. అసలు కిటుకు టైమింగ్‌లో ఉంది.

ఒక లెక్క చూడండి. మనిషి ఎత్తు, అంటే 1.8 మీటర్ల నుంచి ఒక రాయి వదిలితే 0.6 సెకన్లలో కింద పడుతుంది. సినిమాకి సెకనుకి 24 ఫ్రేములు కదా, అంటే దాదాపు 15 ఫ్రేములు. అదే రాయి 18 మీటర్ల నుంచి వదిలితే 1.9 సెకన్లు, అంటే 46 ఫ్రేములు. ఎత్తు పది రెట్లు పెరిగితే టైమ్ మూడు రెట్లు పెరిగింది. అందుకే పెద్ద రోబో చెయ్యి ఊపినా, అడుగు వేసినా, కింద పడినా నెమ్మదిగా ఉండాలి. మనిషి స్పీడ్‌లో కదిలిస్తే మన కన్ను వెంటనే పట్టేస్తుంది, "ఇది బొమ్మరా" అని. దుమ్ము, రాళ్లు, విరిగిన ముక్కలు కూడా అదే లెక్కలో పడాలి.

18 మీటర్లు అని ఊరికే అనలేదు. జపాన్‌లో 1979లో మొదలైన 'గండం' సిరీస్‌లో రోబో ఎత్తు అంతే. మన చెవికి ఆ పేరు కొంచెం కంగారుగా ఉంటుంది గానీ, అక్కడ అది పెద్ద హీరో! ఆ రోబోని డిజైన్ చేసినాయన కునియో ఒకవారా. మొదట్లో బట్టల కంపెనీలో పనిచేశారు. 1972లో తత్సునొకో అనే యానిమేషన్ స్టూడియోలో చేరి, 'గాచమన్' సిరీస్‌కి మెషిన్లు గీశారు. జపాన్‌లో మెకానికల్ డిజైనర్ అని టైటిల్స్‌లో పేరు పడిన తొలి మనిషి ఆయనే అని చెప్తారు. అంతకు ముందు మెషిన్లు గీసినవాళ్లు లేరా? ఉన్నారు. కానీ ఆ పనికి విడిగా ఒక పేరు లేదు. టైటిల్స్‌లో ఒక్క లైన్ పడింది, అది ఒక వృత్తి అయిపోయింది. ఈరోజు అక్కడి పిల్లలు "నేను మెకా డిజైనర్ అవుతా" అని ఇంట్లో చెప్పగలరు.

ఇప్పుడు మన కృష్ణానగర్‌కి రండి. ఇక్కడికి బస్సు దిగేవాళ్లు హీరో అవ్వాలనో, డైరెక్టర్ అవ్వాలనో వస్తారు. నా పాత రూమ్మేట్ మాత్రం గ్రాఫిక్స్ కోసం వచ్చాడు. వాడికి దొరికింది రోటో పని. అంటే షాట్‌లో ఉన్న మనిషి చుట్టూ ఫ్రేమ్ ఫ్రేమ్‌కీ గీత సరిచేస్తూ, వెనక సీన్ నుంచి అతన్ని విడదీయడం. 5 సెకన్ల షాట్ అంటే 120 ఫ్రేములు. ఒక సినిమాకి ఆరు నెలలు రాత్రింబవళ్లు చేశాడు. రిలీజ్ రోజు ఇద్దరం మార్నింగ్ షోకి వెళ్లాం. అందరూ లేచి వెళ్లిపోయినా, లైట్లు వేసినా, వాడు స్క్రీన్ వంకే చూస్తూ కూర్చున్నాడు. పేరు రాలేదు. "జీతం ఇచ్చారు కదరా" అన్నా. వాడేం మాట్లాడలేదు. ఆ మాట ఎందుకన్నానా అని ఇప్పటికీ అనిపిస్తుంది.

శ్రీనివాస్ మోహన్ గారి అవార్డుల వెనక కూడా ఇలా మోడలింగ్, రిగ్గింగ్, రోటో, లైటింగ్, కంపోజిటింగ్ చేసిన పెద్ద టీములు ఉన్నాయి. ఆ క్లైమాక్స్‌లో చూపించింది కూడా అదే కదా? వందల చిన్న చిట్టిలు అతుక్కుంటేనే పెద్ద రోబో లేచి నిలబడింది.

ఈ ఫీల్డ్‌లోకి రావాలనుకునే తమ్ముళ్లకి, చెల్లెళ్లకి రెండే మాటలు. ఒకటి, సాఫ్ట్‌వేర్ కంటే ముందు బరువు చూడటం నేర్చుకోండి. క్రేన్ ఎలా తిరుగుతుంది, లారీ ఎలా ఆగుతుంది, ఏనుగు కాలు ఎలా దించుతుంది, ఫోన్‌లో వీడియో తీసి ఫ్రేములు లెక్కపెట్టండి. రెండు, పనిలో చేరేటప్పుడే టైటిల్స్‌లో పేరు సంగతి అడగండి. అది పొగరు కాదు, రేపు ఇంకో చోట పని అడగడానికి మీ చేతిలో ఉండే సాక్ష్యం.

మిగతా మనందరికీ ఒకటే. ఈసారి సినిమా అయ్యాక రెండు నిమిషాలు కూర్చోండి. ఆ పేర్లలో కొన్ని మన పక్క రూమ్ వాళ్లవే అయి ఉండొచ్చు. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటా మరి!