మానిన గాయము, మిగిలిన లోపము

ప్రొద్దుటూరు నుండి జమ్మలమడుగునకును, అచ్చటినుండి ముద్దనూరు మీదుగా పులివెందులకును పోవు దారులలో సిమెంటు లారీలు, కడప రాళ్ల ట్రాక్టర్లు, అరటిగెలల వ్యానులు, మోటారుసైకిళ్లు, అక్కడక్కడ ఎద్దులబండ్లు ఒకే బాటను పంచుకొని నడచుచుండును. ప్రమాదము జరిగిననాడు ఊరంతయు తెలిసికొనును. పోలీసులు వత్తురు, ఆసుపత్రిలో గాయము పేరు వ్రాయుదురు. రెండేండ్లు గడచిన పిమ్మట అదే మనుష్యుడు కుంటుచు వైద్యునికడకు పోయి "మోకాలు నొప్పిగా ఉండాది సార్" అనును. ఆ నొప్పికిని నాటి ప్రమాదమునకును గల సంబంధము కాగితముపై నిలిచినదా? దానిని నిలుపుటకై ఏర్పడిన వైద్య సంకేతములను గూర్చి శ్రోతలకు నాలుగు మాటలు మనవి చేయదలచితిమి.

వ్యాధులకును, మరణకారణములకును లోకమంతట ఒకే పట్టిక యుండవలెనను తలంపు పాతదే. ఫ్రెంచి గణాంకవేత్త ఝాక్ బెర్తియోన్ 1893లో షికాగోలో అట్టి పట్టికను సమర్పించెను. 1948లో వెలువడిన ఆరవ కూర్పు నుండి దాని భారమును ప్రపంచ ఆరోగ్య సంస్థ వహించుచున్నది. పదవ కూర్పు 1990లో ఆమోదము పొందెను. పదునొకండవది 2022 జనవరి 1 నుండి అమలునకు వచ్చెను. పదవదియే యింకను పెక్కుచోట్ల వాడుకయందున్నది కావున దాని సంకేతములనే యిచ్చట ఉదాహరించుచున్నాము.

ఆ కూర్పులో రవాణా ప్రమాదములన్నియు 'వి' అను అక్షరము క్రింద వచ్చును. నడచువానికి, సైకిలువానికి, మోటారుసైకిలువానికి, ఆటోలోనివానికి, లారీలోనివానికి వేరువేరు వరుసలు కలవు. ఇవి యన్నియు క్రొత్త ప్రమాదమునకు సంబంధించినవి. గాయపు తొలిదశ గడచి దాని ఫలితము మాత్రమే మిగిలినప్పుడు 'వై 85' అను సంకేతము వేయవలెను. వైద్యుడు శేషఫలితమని వ్రాసినదియు, ప్రమాదము జరిగి ఏడాది గాని అంతకు మించి గాని గడచిన పిమ్మట కనబడు ఫలితమును దీని క్రిందికి వచ్చును. ఇందు రెండు శాఖలు: మోటారు వాహన ప్రమాదమునకు వై 85.0, ఇతర రవాణా ప్రమాదములకును, వాహనమేదో తెలియనివానికిని వై 85.9. ఎద్దులబండి తనంతట బోల్తాపడుటచే కలిగిన లోపము రెండవ శాఖకు చెందును. అదే బండిని లారీ గుద్దినచో మొదటిదానికి చెందును.

ఒక నేతగానిని ఊహింతము. మోటారుసైకిలు నుండి పడి తొడయెముక విరిగెను. అతుకుకొనెను గాని ఆ కాలు పొట్టియయ్యెను. ముందుగా నేటి లోపము వ్రాయవలెను: కాళ్ల పొడవులో తేడా, ఎమ్ 21.7. దాని వెనుక తొడయెముక విరుగుటవలని శేషఫలితము, టి 93.1. చివర దానికి మూలమైన సంఘటన, వై 85.0. ఇప్పుడేమున్నది, ఏ గాయమువలన వచ్చినది, ఆ గాయ మెట్లు తగిలినది అను మూడు ప్రశ్నలకు మూడు జవాబులు. వెన్నుపాము దెబ్బకు టి 91.3, తలలోపలి గాయమునకు టి 90.5 ఇట్లే వచ్చును. నయమైన యెముకకు మరల క్రొత్త విరుపు సంకేతము వేసినచో ఒకే ప్రమాదము రెండు ప్రమాదములుగా లెక్కకెక్కును. హైదరాబాదులో కూర్చుండి అమెరికా ఆసుపత్రుల కాగితములకు సంకేతములు వేయు మన యువతీయువకులకు ఈ భేదము బాగుగా తెలియును. 2015 అక్టోబరు 1 నుండి అచ్చట వాడుకలోనున్న కూర్పులో వై 85 లేదు; గాయపు సంకేతమునకును, ప్రమాదపు సంకేతమునకును చివర 'ఎస్' అను అక్షరము చేర్చుదురు.

ఇది గుమాస్తాల పని యని తలంపరాదు. మనదేశమున పోలీసు లెక్కలలో ప్రమాదము జరిగిన 30 దినములలోపల మరణించినవారినే రోడ్డు మృతులుగా గణింతురు. నడుము క్రింద చచ్చుపడినవాడు మూడేండ్లు మంచముపట్టి, పడకపుండ్లు చీము పట్టి మరణించినచో ఆ లెక్కలో చేరడు. అతనిని రోడ్డుతో ముడివేయునది మరణకారణ పత్రమొక్కటే. దానిపై "గుండె ఆగినది" అని మాత్రము వ్రాసినచో ఆ ముడియు తెగిపోవును. ఏ మలుపున ఎందరు జీవితకాలము నష్టపోయిరో తెలియనిచో, ఆ మలుపును సరిచేయవలెనను పట్టుదల ప్రభుత్వమునకు ఎట్లు కలుగును?

నష్టపరిహారము మాటయు ఇట్టిదే. సంకేతమే పరిహారము నిప్పించదు. వైద్యుని సాక్ష్యమును, పాత కాగితములును ఇప్పించును. అవయవ లోపపు శాతమును, సంపాదన నష్టపు శాతమును ఒకటి కావని 2010లో సుప్రీంకోర్టు రాజకుమార్ కేసున స్పష్టపరచెను. కాలు పొట్టియైనను ప్రొద్దుటూరు అంగడిలో కూర్చుండి వ్యాపారము చేయువానికి జీవనము సాగవచ్చును. మగ్గపు గుంటలో కాళ్లతో త్రొక్కవలసిన నేతగానికి అదియే బ్రతుకుతెరువు పోవుట.

రోగి ఒకచోటనే యుండడు. నేడు జమ్మలమడుగు, రేపు కడప, ఆపై తిరుపతి లేక కర్నూలు. జమ్మలమడుగు మిషను ఆసుపత్రిలో వైద్యునిగా పనిచేసిన పులివెందుల వాసి డాక్టరు వై.ఎస్. రాజశేఖరరెడ్డిగారు ముఖ్యమంత్రిగా నుండగా 2007లో ఆరోగ్యశ్రీ పథకము ఆరంభమాయెను. అట్టి పథకముల సంకేతములు ముఖ్యముగా చికిత్సను తెలుపును. పాత ప్రమాదపు కథను చెప్పవలసినవాడు రోగియే.

కావున ఇంటివారికి మా మనవి యిది. ఆసుపత్రి నుండి ఇంటికి పంపునప్పు డిచ్చిన చీటీని, ఎక్సురే పటములను పారవేయక పెట్టెలో భద్రపరచుడు. ఎన్నేండ్లు గడచినను వైద్యునితో ప్రమాదము జరిగిన సంవత్సరమును, వాహనమును, తగిలిన గాయమును చెప్పి, ఆ మూడును వ్రాయుమని కోరుడు. మరణము సంభవించినచో, 1969 నాటి జనన మరణముల నమోదు చట్టమునకు 2023లో జరిగిన సవరణ ననుసరించి, చికిత్స చేసిన ఆసుపత్రి మరణకారణ పత్రపు ప్రతిని దగ్గరి బంధువునకు ఇయ్యవలెను. దుఃఖములో నున్నను దానిని అడిగి తీసికొని, ఒకసారి చదివి చూడుడు. పాత ప్రమాదము మాట అందులో లేనిచో, ఆ వైద్యునికే మర్యాదగా గుర్తుచేయుడు.